అవసరము ప్రమాణమగునా? – ఈథరు వృత్తాంతము

దేవదత్తుడు పగటివేళ భుజింపడు, అయినను బలిసియున్నాడు. కావున రాత్రివేళ భుజించుచున్నాడని గ్రహింపవలెను. మీమాంసకులు అర్థాపత్తి యను ప్రమాణమును బోధించునపుడు చెప్పు ఉదాహరణమిది. రాత్రి భోజనమును ఎవ్వరును చూడలేదు. కాని అది లేనిచో కంటికి కనబడుచున్న స్థౌల్యము పొసగదు. పొసగనిదానిని పొసగజేయుటకై కానరానిదానిని అంగీకరించుట అర్థాపత్తి. లోకవ్యవహారమున మనమందఱమును దినమునకు పదిసార్లు ఈ మార్గముననే ఆలోచింతుము. ఇంటిలో దీపము వెలుగుచున్నది గనుక ఇంటివారు లోపలనున్నారని అనుకొందుము. పెక్కుసార్లు ఆ ఊహ నిజమే యగును.

అయినను ఇందొక చిక్కు కలదు. ఒక వస్తువు ఉండవలెనని మన బుద్ధికి తోచుట వేఱు, ఆ వస్తువు ఉండుట వేఱు. అంతకంటె పెద్ద చిక్కు మఱియొకటి: ఆ వస్తువు ఉండవలెనని కోరునది ఎల్లవేళల బుద్ధియే కాదు, ఒక్కొక్కప్పుడు హృదయము కూడ. అవసరము సాక్షిగా నిలువదగునా? నిలిచినచో ఆ సాక్షి మాటను ఎంతవఱకు నమ్మవచ్చును? ఈ ప్రశ్నను శాస్త్రచర్చగా కాక ఒక్క పదముయొక్క చరిత్రగా పరిశీలించినచో విషయము తేటపడును. ఆ పదము ఈథరు. అది గ్రీకు పురాణములలో పుట్టినది. రెండువేల అయిదువందల సంవత్సరములకు పైగా కవులను, తత్త్వవేత్తలను, భౌతికశాస్త్రజ్ఞులను ఆశ్రయించి బ్రదికినది.

గ్రీకు భాషలో ‘ఐథేర్’ అను పదము మండుట, ప్రకాశించుట అను అర్థములుగల ధాతువునకు సంబంధించినది. ప్రాచీన గ్రీకులకు తలపైనున్న అవకాశమంతయు ఒక్కటి కాదు. నేలకు చేరువగా మంచు, మసక నిండియున్న భాగము ‘ఆయేర్’. దానికి మీదుగా మబ్బు సోకని తేజోమయమైన భాగము ‘ఐథేర్’. దేవతల రాజైన జ్యూసు నివాసమచ్చటనే. హోమరు రచించిన ఇలియడ్ కావ్యమున, నిద్రకు అధిదేవతయైన హిప్నోసు జ్యూసు కంటబడకుండ ఐడా పర్వతముపైనున్న ఒక మహావృక్షము నెక్కి కూర్చుండును. ఆ చెట్టు ఆయేరును చీల్చుకొని ఐథేరును తాకునంత పొడవైనది. దీనిని బట్టి ఆనాటివారికి ఐథేరు ఊహకందని సూక్ష్మతత్త్వము కాదనియు, చెట్టుకొమ్మకు అందు చోటేయనియు తెలియుచున్నది.

హెసియోడు చెప్పిన వంశక్రమము మఱింత గంభీరమైనది. ఆదిలో ఖావోసు అను శూన్యము. దానినుండి ఎరెబోసు అను చీకటియు, రాత్రియు పుట్టిరి. ఆ యిరువురి సంతానము ఐథేరును, పగలును. వెలుగునకు తల్లి రాత్రి. ఈ భావము గ్రీకు పురాణములలో తలచినకొలది రుచించునట్టిది.

ఇచ్చట ఒక మాట చెప్పక తప్పదు. ఐథేరును ‘ఆకాశము’ అని అనువదించుట పరిపాటి యైనది. రెండును పంచభూతములలో అయిదవ స్థానమున నున్నవి గనుక రెండును ఒక్కటే యనుకొనువారు కలరు; అటుపై మనవారు ముందే చెప్పిరని సంతోషించువారును కలరు. అది తొందరపాటు. ఐథేరు లక్షణము తేజస్సు. వైశేషికులు ఆకాశమునకు చెప్పిన గుణము శబ్దము. పోలిక వస్తువులో లేదు, ఆలోచన నడచిన తీరులో కలదు. శబ్దము గుణము, గుణమునకు ఆశ్రయము కావలెను, పృథివి మొదలగు తక్కిన ద్రవ్యములేవియు ఆశ్రయము కాజాలవు, కావున మిగిలిన ఆకాశమే ఆశ్రయమని కాణాదుల వాదము. ఉన్నదానికి ఆధారము లేకుండ నిలువదను ఈ నమ్మకమే ఐరోపాలో ఈథరును చిరకాలము పోషించినది.

తత్త్వవేత్తల వాదములకు పోవుటకు ముందు ఒక శిలను స్మరింపవలెను. క్రీ.పూ. 432లో పొటిడియా నగరము వద్ద జరిగిన యుద్ధమున ఏథెన్సు సైనికులు పలువురు మడిసిరి. వారి స్మృతికై ఏథెన్సులో నిలిపిన శిలపై, వారి ప్రాణములను ఐథేరును, దేహములను భూమియు స్వీకరించినవను భావముగల పద్యములు చెక్కబడినవి. ఆ శిల నేడు లండనులోని బ్రిటిషు మ్యూజియమున కలదు. ఆ దండయాత్రలో సోక్రటీసు కూడ సామాన్యసైనికుడుగా పోరాడెను. కొన్ని యేండ్లకు, క్రీ.పూ. 423లో, అరిస్టోఫనీసు అను హాస్యనాటకకర్త ‘మేఘములు’ అను నాటకమున ఆ సోక్రటీసునే బుట్టలో కూర్చుండబెట్టి గాలిలో వ్రేలాడదీసి, ఆయేరును, ఐథేరును, మేఘములను దేవతలుగా పిలిపించి ప్రేక్షకులను నవ్వించెను. ఒకే నగరమున, ఒకే తరమున, ఐథేరు కొడుకులను పోగొట్టుకొన్నవారికి ఓదార్పు, నాటకశాలలో నవ్వులాట. శిలపైని మాటకు ఋజువేమని ఆ తల్లిదండ్రులు అడిగియుండరు. అడుగవలసిన సమయమును కాదు.

అడిగినవాడు అరిస్టాటిలు. మట్టి క్రిందికి పడును, అగ్ని పైకెగయును. ఇవి స్వభావచలనములు, సరళరేఖలో జరుగునవి. నక్షత్రములు మాత్రము ఆగక వలయముగా తిరుగుచున్నవి. వలయచలనమే స్వభావముగాగల ద్రవ్యము వేఱొకటి ఉండవలెను. అది బరువైనది కాదు, తేలికైనది కాదు. దానికి పుట్టుక లేదు, క్షయము లేదు, వికారము లేదు. ఆయన దానిని ప్రథమద్రవ్యమనెను. అయిదవ తత్త్వమనుట తరువాతివారి మాట. ‘ఎల్లప్పుడు పరుగిడునది’ గనుక పూర్వులు దానికి ఐథేరను పేరు పెట్టిరని ఒక వ్యుత్పత్తిని కూడ అంగీకరించెను. ఈ వ్యుత్పత్తి భాషాశాస్త్రమునకు నిలువదు. నిరుక్తమును చదివినవారికి ఇట్టివి కొత్తగావు.

అరిస్టాటిలు అర్థాపత్తితో ఆగలేదు. పూర్వులు అందించిన స్మృతి యంతటిలోను నక్షత్రలోకమున ఏ మార్పును కనబడలేదనియు, కావున అచ్చట మార్పు లేదనియు మఱియొక సాక్ష్యమును తెచ్చెను. ఇదియే పొరపాటు. కనబడకపోవుటను ప్రమాణముగా గ్రహించుటకు భాట్ట మీమాంసకులు ఒక కట్టుబాటు నేర్పఱచిరి. గదిలో కుండ లేదనుటకు కుండ కనబడకపోవుట చాలదు. వెలుతురుండవలెను, కన్ను బాగుండవలెను. కుండ ఉన్నచో తప్పక కనబడు స్థితి ఉండవలెను. అట్టిచోట కనబడకపోయినచో లేదని చెప్పవచ్చును. దీనిని యోగ్యానుపలబ్ధి యందురు. చీకటిగదిలో తడుముకొని కుండ లేదనుట సాహసము. దుర్భిణి లేని కాలమున, కొన్ని తరముల జ్ఞాపకమును నమ్మి నక్షత్రలోకము మారదనుట అట్టి సాహసమే.

దానికి సమాధానము వచ్చుటకు పందొమ్మిది వందల యేండ్లు పట్టెను. 1572 నవంబరులో కాసియోపియా అను నక్షత్రమండలమున, అంతకుముందు లేని చుక్క ఒకటి పగటివేళ కూడ కనబడునంత కాంతితో వెలిగెను. డెన్మార్కు దేశీయుడగు టైకోబ్రాహి దానిని నెలల తరబడి కొలిచెను. భూమికి చేరువనున్న వస్తువు, చూచు చోటు మారినపుడు, వెనుకనున్న చుక్కల నడుమ స్థానము మారినట్లు కనబడును. ఈ కొత్త చుక్క చంద్రునికంటె చేరువయైనచో ఆ మార్పు ఆయన పరికరములకు చిక్కితీరవలెను. చిక్కలేదు. కావున అది చంద్రునికి ఆవల, మార్పు లేదనిన చోటనే పుట్టినది. ఇది యోగ్యానుపలబ్ధి. అది ఒక నక్షత్రము పగిలి ప్రకాశించుట యని నేడు తెలియును.

వికారములేని అయిదవ తత్త్వము అట్లు కదలిపోయినను పేరు మాత్రము పోలేదు. దానికి కొత్త పని దొరికెను. రాబర్టు బాయిలు 1660లో ప్రకటించిన ప్రయోగములలో, గాజుపాత్రలో గడియారమును దారముతో వ్రేలాడదీసి లోపలి గాలిని తోడివేయగా దాని చప్పుడు వినబడకపోయెను. గడియారము మాత్రము కనబడుచునే యుండెను. శబ్దమునకు గాలి వాహనమైనచో, గాలిలేని పాత్రగుండ వెలుగును మోసినదెవరు? 1690లో హాలండు శాస్త్రజ్ఞుడు హైగెన్సు, వెలుగు తరంగమనియు దానిని మోయునది ఈథరనియు వ్రాసెను. న్యూటను అభిప్రాయము పలుమార్లు మారెను. పందొమ్మిదవ శతాబ్దారంభమున యంగు, ఫ్రెనెలు అనువారి కృషివలన వెలుగు తరంగమను పక్షమే గెలిచెను. తరంగమున్నచో తరంగించునది ఉండవలెను గదా! దేవదత్తుని రాత్రి భోజనము మరల వచ్చెను.

కాని ఈ భోజనము విచిత్రమైనది. వెలుగు అలలు తాడును విదలించినపుడు పుట్టు అలలవంటివి. ప్రయాణము ముందునకు, కదలిక ప్రక్కలకు. అట్టి అల లోలోపల సాగుటకు గట్టి పదార్థము కావలెను. నీరు, గాలి పనికిరావు. వెలుగు వేగమునకు తగినంత బిగువు కావలెనన్నచో ఈథరు ఉక్కును మించవలెను. అట్టి ఘనమగు ఈథరులో భూమి సెకనుకు 30 కిలోమీటర్ల వేగముతో ఏ అడ్డంకియు లేక పరుగెత్తుచున్నది! కెల్విను దీనిని చెప్పులు కుట్టువారి మైనముతో పోల్చెను. ఆ మైనము కొట్టినచో పగులును. మెల్లగా ఒత్తినచో సంవత్సరములకైనను దారి యిచ్చును. ఉపమానము అందమైనదే. అందమైన ఉపమానములు తోడుగా నిలువవలసివచ్చినపుడు సిద్ధాంతము బలహీనమగుచున్నదని అనుమానింపవచ్చును.

మాక్స్‌వెల్ తన జీవితపు చివరి యేడాది, 1879లో, ఒక అమెరికా ఖగోళశాస్త్రజ్ఞునకు వ్రాసిన లేఖలో, ఈథరులో భూమి చలనమును నేలపై కొలుచుట అసాధ్యమనునంత సూక్ష్మమని సూచించెను. ఆ లేఖను చదివి, అసాధ్యమేమో చూతమనుకొన్న యువకుడు ఆల్బర్టు మైకెల్సన్. 1852లో ప్రష్యా పాలనలోనున్న పోలండు భాగమున పుట్టి, పసితనముననే అమెరికా చేరి, నౌకాదళ విద్యాలయమున చదివినవాడు.

ఆయన ఉపాయమును ఏటితో వివరింపవచ్చును. ఇద్దఱు సమానబలముగల ఈతగాండ్రు. ఒకడు ఏటికి అడ్డముగా ఆవలిగట్టునకు పోయి తిరిగివచ్చును. రెండవవాడు అంతే దూరము వాలున పోయి ఎదురీది తిరిగివచ్చును. రెండవవాడే ఆలస్యముగా చేరును. కన్నులు మూసికొని గట్టున కూర్చున్నవాడు కూడ, ఆ ఆలస్యమును బట్టి ఏటిలో ప్రవాహమున్నదని చెప్పగలడు. భూమి ఈథరులో పోవుచున్నచో మనకు ఈథరు ఏరువలె ఎదురువచ్చుచున్నట్లే. ఒక వెలుగు కిరణమును రెండుగా చీల్చి, ఒకదానిని అడ్డముగను, ఒకదానిని నిలువుగను పంపి, అద్దములతో వెనుకకు త్రిప్పి కలిపినచో, ఆలస్యము వెలుగు చారల స్థానమార్పుగా కనబడవలెను.

మొదటి ప్రయత్నము 1881లో జర్మనీలోని పోట్స్‌డాములో జరిగెను. ధనమిచ్చినవాడు టెలిఫోను నిర్మాత గ్రాహంబెల్. మార్పు కనబడలేదు. అయితే గణనలో ఒక తప్పున్నదని ఇతరులు చూపిరి. అనుకొన్నదానిలో సగమే మార్పు రావలెను. పరికరమునకు అంతటి సూక్ష్మత లేదు. అనగా గది చీకటిగనే యున్నది. మైకెల్సన్ ఆ తప్పును తన తరువాతి వ్యాసమున అచ్చులో ఒప్పుకొనెను. 1887లో క్లీవ్‌లాండు నగరమున రసాయనాచార్యుడగు మోర్లేతో కలసి మరల పూనుకొనెను. ఒకటిన్నర మీటరు చదరము, 30 సెంటీమీటర్ల మందముగల ఱాతిపలకను పాదరసముపై తేలవేసిరి. వ్రేలితో తాకినను కంపింపక మెల్లగా తిరుగునట్లు చేసిరి. అద్దములతో అటునిటు త్రిప్పి వెలుగు దారిని 11 మీటర్లకు పెంచిరి. చార వెడల్పులో పదింట నాలుగు పాళ్ల మార్పు రావలెను. వచ్చినది అందులో ఇరువదవ వంతుకంటె నిశ్చయముగా తక్కువ, బహుశా నలువదవ వంతుకంటెను తక్కువయని వారు వ్రాసిరి.

ఈసారి గదిలో దీపము వెలుగుచున్నది. కుండ కనబడలేదు.

మైకెల్సన్ ఈథరు లేదని చూపుటకై పూనుకొన్నవాడు కాడు. దాని ప్రవాహమును కొలిచి కీర్తి పొందవలెననుకొన్నవాడు. ఫలితము ఆయనకు విజయముగా తోచలేదు. పదింట నాలుగు పాళ్లు రావలెనని గణితము చెప్పుచున్నది, గురువులు చెప్పుచున్నారు, తన మనస్సు కోరుచున్నది. రానిదానిని రాలేదని వ్రాయుట మాత్రమే ఆయన చేసినది. 1907లో ఆయనకు నోబెలు బహుమానము వచ్చినపుడు దానికి చూపిన కారణములలో ఈథరు ఊసు లేదు. సూక్ష్మపరికరములు, వాటితో చేసిన కొలతలు మాత్రమే కలవు.

అయినను కనబడకపోవుటతోనే వివాదము ముగియలేదు. ఈథరును ప్రేమించినవారు సామాన్యులు కారు. 1889లో ఫిట్జ్‌జెరాల్డు, 1892లో లారెంట్జ్ వేర్వేఱుగా ఒక సమాధానము చెప్పిరి: ఈథరులో కదలు వస్తువు తాను పోవు దిక్కున సరిగా ఆ ఆలస్యము పూడునంత కుదించుకొనిపోవును. ఎదురీదువాని దారిని ఏరే దయతలచి తగ్గించినట్లు! ఇది కేవలము తప్పించుకొనుట కాదు; లారెంట్జ్ గణితము తరువాత నిలిచినది. కాని ఈథరు, ఉన్నను ఎన్నడును పట్టుబడని వస్తువుగా మాఱెను. కుండ యున్నది, చూచినపుడెల్ల కనబడకుండుట దాని స్వభావము అన్నట్లు.

1905లో బెర్న్ నగరపు పేటెంటు కార్యాలయమున ఉద్యోగియగు ఇరువదియారేండ్ల ఐన్‌స్టీన్ వ్రాసిన వ్యాసము వేఱుదారి పట్టినది. ఈథరు లేదని ఆయన ఋజువు చేయలేదు. వెలుగు వేగము కదలువారికిని నిలిచినవారికిని ఒక్కటియే యని అంగీకరించి, కాలమును దూరమును కొలుచు తీరును సవరించినచో, ఈథరు అక్కరలేదని చూపెను. మన పరిభాషలో చెప్పినచో, అర్థాపత్తికి ప్రాణము అన్యథానుపపత్తి. వేఱు విధముగా పొసగకపోవుట. వేఱు విధముగా పొసగుచున్నదని తెలిసిన క్షణమున అర్థాపత్తి తనంతట తానే రాలిపోవును. దేవదత్తుని స్థౌల్యమునకు వ్యాధి కారణమని వైద్యుడు తేల్చినచో, రాత్రి భోజనమును ఖండింపవలసిన పనిలేదు. అది నిలిచినది అవసరముమీద, అవసరము తీరినది.

లారెంట్జ్ మాత్రము ఐన్‌స్టీనును ఎంతయో గౌరవించుచునే, 1928లో మరణించువఱకు ఈథరును విడువలేదు. అది బుద్ధికి సంబంధించిన పట్టుదల. ఇంగ్లండులో ఆలివర్ లాడ్జి కథ వేఱు. రేడియో తరంగముల పరిశోధనలో ఘనుడైన ఆయన, 1890ల తొలినాళ్లలో లివర్‌పూలులో రెండు ఉక్కుచక్రములను మిక్కిలి వేగముగా త్రిప్పి, వాటి నడుమ వెలుగును పంపి, తిరుగు వస్తువు తనతో ఈథరును లాగుకొనిపోవునా యని పరీక్షించినవాడు. లాగుకొనిపోవుట లేదని నిజాయితీతో ప్రకటించెను. 1915 సెప్టెంబరులో ఆయన కుమారుడు రేమండు ఈప్రె యుద్ధరంగమున చనిపోయెను. 1916లో లాడ్జి ఆ కుమారుని పేర ఒక గ్రంథము ప్రకటించెను. ఆత్మలతో సంభాషింపజేయువారి ద్వారా కుమారుడు తనతో మాటలాడెనని అందు వ్రాసెను. కనబడని ఈథరు, దేహము విడిచిన జీవునకు ఉపాధియని ఆయన నమ్మిక. 1940లో కన్నుమూయువఱకు ఆ నమ్మికను మార్చుకొనలేదు.

పొటిడియా శిలయు ఇదే చెప్పినది గదా! రెండువేల మూడువందల యేండ్ల తరువాత అదే పదము, అదే దుఃఖమునకు, అదే చోటును చూపినది. అయితే రెంటికిని భేదము కలదు. ఏథెన్సువారు శిలపై దుఃఖమును చెక్కిరి. దానిని కొలతయని ఎవరును అనలేదు. లాడ్జి కొలత తెలిసినవాడు. చక్రముల నడుమ ఈథరు కదలలేదని వ్రాసిన చేతితోనే, కుమారుని విషయమున పరీక్షకు నిలువని మాటలను శాస్త్రమను పేరున లోకమునకు అందించెను. యుద్ధమున బిడ్డలను పోగొట్టుకొన్న వేలకొలది కుటుంబములు శాస్త్రజ్ఞుని మాటయని దానిని పట్టుకొనినవి. ఆ తండ్రిని నిందించుటకు మనసు రాదు. కాని దుఃఖము ఎంత నిజమైనను, అది ఈథరును గూర్చి సాక్ష్యమీయజాలదు. ఓదార్పు కోరుట తప్పు కాదు. ఓదార్పును కొలతబద్దగా ఇతరుల చేతికిచ్చుట తప్పు.

ఈథరు పోయిన చోట శూన్యము మిగిలెనా? అదియు కాదు. 1920లో లైడెన్ నగరమున చేసిన ప్రసంగమున ఐన్‌స్టీన్, తన గురుత్వసిద్ధాంతమున అవకాశమునకే గుణములున్నవి గనుక ఒక అర్థమున దానిని ఈథరనవచ్చుననెను. కాని దానికి భాగములు లేవు, కదలిక లేదు, అది ఏరువలె పాఱదని హెచ్చరించెను. మైకెల్సన్ పరికరమువంటిదే, నాలుగేసి కిలోమీటర్ల చేతులతో అమెరికాలో నిర్మింపబడి, 2015లో ఆ అవకాశపు కంపమునే తొలిసారి పసిగట్టినది. ఏమియు కనబడలేదని తలదించుకొన్న పరికరమునకు ఇట్టి సంతతి కలుగునని 1887లో ఎవరును తలచియుండరు.

మైకెల్సన్‌కు ఈథరుపై మమకారము చివరివఱకు పోలేదు. అయినను ఆయన కొలుచుట మానలేదు. తన డెబ్బదియెనిమిదవ యేట కాలిఫోర్నియాలో ఒక మైలు పొడవుగల ఇనుపగొట్టమును నేలపై పఱపించి, అందలి గాలిని తోడింపించి, అందు వెలుగు వేగమును కొలువ పూనుకొనెను. 1931 మేలో ఆయన మరణించునాటికి ఆ పని పూర్తికాలేదు. సహచరులు కొలతలు ముగించి 1935లో ఫలితమును ప్రకటించిరి. ఆయన పేరును మొదట నుంచిరి.